కీప్యాడ్ ఫోన్లలోకి గేములు ఏ దారిన వచ్చాయి?

తిరుపతిలో ముప్పై దాటిన ఎవరినైనా పాత ఫోన్ గేముల గురించి అడగండి. మొదట అందరూ చెప్పేది పాము గేమే. ‘ఆ తర్వాత ఏం ఆడేవాళ్లు?’ అంటే మాత్రం జవాబులు కలవవు. కలర్ నోకియా వాడినవాళ్లు ఎర్ర బంతి ఎగిరే బౌన్స్ అంటారు. వీధంతా వినపడే స్పీకరున్న చైనా ఫోన్ వాడినవాళ్లు మారియో, కాంట్రా అంటారు. కాస్త పెద్ద స్క్రీన్ ఫోన్ చేతికొచ్చినవాళ్లు డైమండ్ రష్ పేరు చెబుతారు. జియో ఫోన్‌తో మొదలైన పిల్లలకు వీటిలో ఒక్కటీ తెలియదు.

ఈ చరిత్రను సాధారణంగా ఒక వరసలో చెబుతుంటారు. ముందు పాము, తర్వాత కలర్ స్క్రీన్, తర్వాత జావా అనే ప్రోగ్రామింగ్ భాషలో రాసిన గేములు, చివరికి స్మార్ట్‌ఫోన్. మన ఊళ్లలో జరిగింది ఆ వరసలో ఇమడదు. ఇక్కడ ఒకే సమయంలో నాలుగైదు రకాల ఫోన్లు నడిచాయి, ఒక్కోదాంట్లోకి గేము ఒక్కో దారిన వచ్చింది. ఎవరు ఏ గేము ఆడారన్నది ఆ గేము ఎంత బాగుందన్న దానికంటే, అది వాళ్ల ఫోన్‌దాకా ఏ దారిన వచ్చిందన్న దాన్ని బట్టే తేలింది. ఆ దారులు పట్టుకుంటేనే ఈ చిక్కు విడుతుంది.

మొదటి దారి ఫ్యాక్టరీ. గేము ఫోన్‌తో పాటే పుట్టేది. 1994లో వచ్చిన హాగెనుక్ ఎంటీ-2000 అనే ఫోన్లో టెట్రిస్ ఉండేది. మనదాకా వచ్చిన కథ మాత్రం 1997 నాటి నోకియా 6110తో మొదలవుతుంది. తనేలీ అర్మాంటో అనే నోకియా ఇంజనీరు దాని కోసం పాము గేము రాశాడు. ఆ ఆలోచన అంతకుముందే ఉంది. 1976లో గ్రెమ్లిన్ కంపెనీ బ్లాకేడ్ అనే ఆర్కేడ్ గేము తెచ్చింది. వెనక గోడ వదులుకుంటూ పోవడం, దేనికీ తగలకుండా తప్పించుకోవడం అందులోనే ఉన్నాయి. అర్మాంటో గొప్పతనమంతా దాన్ని ఫోన్‌లో పట్టేలా చేయడంలో ఉంది.

అదెలాగో కాస్త దగ్గరగా చూద్దాం. ఆ తరం నోకియాల స్క్రీన్ అడ్డంగా 84, నిలువుగా 48 చుక్కలు. మొత్తం 4,032. చుక్క వెలగడం, ఆరడం తప్ప మధ్యలో ఇంకో రంగు లేదు కాబట్టి ఒక్కో చుక్కకు ఒక్క బిట్ చాలు. అంటే తెరమీద కనపడే బొమ్మంతా కలిపి 504 బైట్లు. పైగా ఆ ఎల్‌సీడీ చాలా నెమ్మది. బొమ్మ వేగంగా కదిలితే వెనక నీడలాగా మరక మిగిలేది. ఇలాంటి తెరమీద పాము ఎందుకు అంత హాయిగా కదిలింది? మన కంటికి పాము ఒళ్లంతా కదిలినట్టు అనిపిస్తుంది గానీ, ప్రతి అడుగులో మారాల్సినవి రెండే గడులు. తల ముందు ఒక గడి కొత్తగా వెలుగుతుంది, తోక చివర ఒకటి ఆరిపోతుంది. మధ్యలో ఉన్న ఒళ్లు ఎక్కడిదక్కడే. మేత తిన్నప్పుడు ఆ ఒక్కసారికి తోక ఆర్పకుండా వదిలేస్తే చాలు, పాము ఒక గడి పొడుగవుతుంది. తెర మొత్తాన్ని మళ్లీ గీసే పని లేదు, మెమరీ దండగ లేదు. ఇంత తక్కువ సరుకుతో ఇంత టెన్షన్ పెట్టే గేము ఇంకొకటి నాకు తట్టదు.

2000లో వచ్చిన 3310లో పాము రెండో రూపం, స్పేస్ ఇంపాక్ట్ వచ్చాయి. రెండో పాములో తెర ఈ అంచు దాటితే ఆ అంచులోంచి బయటికొచ్చేది. మన జిల్లాలో ఇంటింటికీ చేరిన ఫోన్ మాత్రం 2003 నాటి 1100. టార్చి లైటు, దుమ్ము దూరని కీప్యాడ్. ప్రపంచమంతా కలిపి 25 కోట్లకు పైగా అమ్ముడైంది. ఆ ఏడాదే మన దేశంలో ఇన్‌కమింగ్ కాల్‌కు డబ్బు తీసేశారు. ఫోన్ ఉంచుకోవడానికి ఖర్చు తగ్గేసరికి టమాటా మండీకి పోయే రైతు జేబులోకీ, కాలేజీ పిల్లల చేతుల్లోకీ ఒకే ఫోన్ వచ్చింది. దానితో పాటు ఒకే పాము, ఒకే స్పేస్ ఇంపాక్ట్. ఇంకో గేము వేసుకునే వీలు ఆ ఫోన్లో లేదు. అందరికీ గుర్తున్న గేము ఒక్కటే కావడానికి కారణం ఇదే. రేణిగుంట స్టేషన్‌లో బండి ఆలస్యమైతే ఒకరి స్కోరు ఇంకొకరితో పోల్చుకోగలిగారంటే, అందరి దగ్గరా ఉన్నది అదే గేము గనక.

రెండో దారి జావా. గజిబిజి మొదలయ్యేది ఇక్కడే.

సన్ మైక్రోసిస్టమ్స్ 1999లో చిన్న పరికరాల కోసం జావాకు ఒక కుదించిన రూపం ప్రకటించింది. దాన్నే జే2ఎంఈ అంటారు. మొత్తం 160 కిలోబైట్ల మెమరీ ఉన్న పరికరంలో కూడా నడవాలన్నది దాని లెక్క. 2000లో ఫోన్ల కోసం ఎంఐడీపీ అనే ప్రమాణం వచ్చింది, 2002లో దాని రెండో రూపం. ఇచ్చిన మాట ఏమిటంటే, గేము ఒక్కసారి రాస్తే ఏ కంపెనీ ఫోన్లోనైనా నడుస్తుంది. నోకియా 3410 బ్లాక్ అండ్ వైట్ తెరతోనే 2002లో జావా గేములు నడిపింది. తర్వాత కలర్ ఫోన్లు వరసకట్టాయి.

ఆ మాట నిలబడలేదు. ఎందుకు నిలబడలేదో తెలిస్తేనే ఆ గేములు రాసినవాళ్ల కష్టం తెలుస్తుంది. ఒక ఫోన్ తెర 128×128, ఇంకోదానిది 128×160, మరోదానిది 176×220, కాస్త ఖరీదైనదైతే 240×320. తెర మారితే బొమ్మలన్నీ మళ్లీ గీయాలి. తెర కింద ఎడమ, కుడి పక్కల ఉండే రెండు బటన్లను నొక్కితే నోకియా ఫోన్ గేముకు -6, -7 అనే అంకెలు పంపేది. మోటరోలా అయితే -21, -22. కోడులో అది సరిచూడకపోతే మెనూ తెరుచుకోదు. ఎంఐడీపీ మొదటి రూపంలో తెర నిండా బొమ్మ వేసే వీలు లేదు, శబ్దానికి సరైన ఏర్పాటూ లేదు. అందుకని నోకియా తన సొంత చేర్పులు ఇచ్చింది. వాటిని వాడితే గేము ఇంకో కంపెనీ ఫోన్లో నడవదు. సిరీస్ 40 అనే రకం పాత నోకియా ఫోన్లలో చాలావాటికి జార్ ఫైల్, అంటే జావా గేము మొత్తం ఉండే ఫైల్, 64 కిలోబైట్లు దాటకూడదు. కొన్ని నోకియాలకైతే 30కే పరిమితి. దాంతో ఒకే గేముకు పదుల కొద్దీ రూపాలు తయారుచేయాల్సి వచ్చింది. ఈ పని కొంత మన దేశంలోనూ జరిగింది. ఫ్రెంచి కంపెనీ గేమ్‌లాఫ్ట్‌కు హైదరాబాద్‌లోనూ స్టూడియో ఉండేది.

ఇంకో ఇబ్బంది చెప్పాలి. ఆ జావా మొదటి రూపానికి దశాంశాలు తెలియవు. ఒకటిన్నర అనే అంకె దానికి లేదు. బంతి ఒక్కో అడుగుకు ఒకటిన్నర చుక్క కదలాలంటే ఏం చేయాలి? అంకెలన్నింటినీ 256తో హెచ్చవేసి పెట్టుకునేవాళ్లు. ఒకటిన్నర 384 అవుతుంది. కూడికలన్నీ ఆ పెద్ద అంకెలతోనే చేసి, తెరమీద చుక్క పెట్టేముందు మాత్రం మళ్లీ 256తో భాగించేవాళ్లు. బంతి మెత్తగా ఎగిరి పడినట్టు అనిపించడం వెనక ఉన్నది ఈ లెక్కే. సైజు తగ్గించడానికి బొమ్మలన్నీ ఒకే పీఎన్‌జీ ఫైల్లో అతికించేవాళ్లు. కోడులో పేర్లను ఎ, బి, సి అని ఒక్క అక్షరానికి కుదించే సాధనాలు వాడేవాళ్లు. జార్ ఫైల్ నిజానికి జిప్ ఫైలే. కంప్యూటర్లో విన్‌రార్‌తో తెరిచి చూసిన కుర్రాళ్లకు లోపల ఆ ఒంటి అక్షరాల ఫైళ్లే కనపడేవి.

కీప్యాడ్ కూడా గేము రూపాన్ని శాసించింది. చాలా ఫోన్లు రెండు బటన్లు ఒకేసారి నొక్కితే గుర్తించలేవు. పరిగెత్తుతూ ఎగరాలంటే 6, 2 కలిపి నొక్కే వీలు లేదు కాబట్టి, ఆ పనికి 3 అంకె కేటాయించేవాళ్లు. బొటనవేలు ఒక్కటే పనిచేసేలా గేములు పుట్టింది ఇందుకే. ఆ రోజుల్లో బాగా ఆడిన ఫోన్‌ను గుర్తుపట్టాలంటే 2, 4, 5, 6, 8 అంకెలు అరిగిపోయాయా అని చూస్తే సరిపోయేది.

గేము తయారైంది సరే, అది చిత్తూరులో ఒక ఇంటర్ కుర్రాడి ఫోన్లోకి ఎలా రావాలి?

కంపెనీలు వేసిన దారి ఆపరేటర్ గుండా పోయేది. ఫోన్లో ఆపరేటర్ పేజీ తెరవాలి, గేము ఎంచుకోవాలి, బ్యాలెన్స్‌లోంచి యాభై నుంచి వంద రూపాయల దాకా పోతుంది. జీపీఆర్‌ఎస్, అంటే అప్పటి ఫోన్ ఇంటర్నెట్ ఖర్చు దీనికి అదనం. నెలకు ఒక చిన్న గీకుడు కార్డు వేసుకునే ఇంట్లో ఇది కుదిరే పనేనా? పైగా ఆ వందలో సింహభాగం ఆపరేటర్‌దే, గేము రాసినవాళ్లకు మిగిలేది కొద్దిగా. ఇంతకంటే మనసు నొప్పించే సంగతి ఇంకొకటి. అడగకుండానే గేమ్స్ ప్యాక్ యాక్టివేట్ అయ్యేది. పొద్దున లేచేసరికి ముప్పై రూపాయలు మాయం. మా ఇంట్లో కూడా ఇలాగే పోయాయి, కస్టమర్ కేర్‌కు ఎన్నిసార్లు చేసినా వెనక్కి రాలేదు. కొన్ని గేముల్లో రెండో లెవెల్ తెరవాలంటే మెసేజ్ పంపాలని ఫోన్ అడిగేది. చదవకుండా ఓకే నొక్కిన పిల్లల వల్ల పెద్దవాళ్ల బ్యాలెన్స్ పోయేది. చివరికి 2013 జులైలో టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్ ఆదేశం ఇచ్చింది: ఇలాంటి ఏ సేవ మొదలుపెట్టాలన్నా వినియోగదారు రెండోసారి కూడా ఒప్పుకుని తీరాలి. అప్పటికే మనవాళ్లలో చాలామంది ఫోన్లో ఇంటర్నెట్ అంటేనే భయపడే స్థితికి వచ్చారు. ఆ భయం వాళ్ల తప్పు కాదు.

దారి మూసుకుపోతే జనం పక్కదారి వెతుక్కుంటారు. ఆ పక్కదారే మెమరీ కార్డు.

తిరుపతి ఆర్టీసీ బస్టాండు చుట్టుపక్కల, గాంధీ రోడ్డు సందుల్లో, చిత్తూరు బజారులో, పుత్తూరులో, పలమనేరులో ఎక్కడ చూసినా ఒక కంప్యూటర్, ఒక కార్డ్ రీడర్ పెట్టుకున్న చిన్న సెల్ షాపులు ఉండేవి. ‘పాటలు, గేములు ఎక్కించబడును’ అని బోర్డు. అక్కడి మాటలు ఇలా సాగేవి:

‘అన్నా, గేములు ఎక్కియ్యన్నా.’

‘ఏ ఫోనప్పా నీది? ఏదీ, ఇట్టియ్యి.’

ఫోన్ చేతిలోకి తీసుకుని ఒక్క చూపు చూసేవాడు. ఆ చూపులోనే సంగతంతా ఉంది. కంప్యూటర్లో ఫోల్డర్లు గేముల పేర్లతో ఉండేవి కావు, తెర కొలతలతో ఉండేవి. 128×160 ఒకటి, 176×220 ఒకటి, 240×320 ఒకటి, టచ్ ఫోన్లకు వేరే ఒకటి. తప్పు ఫోల్డర్‌లోది ఎక్కిస్తే బొమ్మ తెర మూలన చిన్నగా కనపడేది, లేదా సగం తెగిపోయేది, లేదా ఫోన్ అసలు తెరవనంటూ మొండికేసేది. పెద్ద కంపెనీల ఇంజనీర్లు నెలల తరబడి తలపట్టుకున్న ఆ తెరల గందరగోళాన్ని, పదో తరగతి చదివిన షాపు కుర్రాడు కంటిచూపుతో తేల్చేవాడు. ఆ నైపుణ్యాన్ని ఎవరూ ఎక్కడా రాసిపెట్టలేదు. ఈ వ్యాసం రాయడానికి నాకున్న కారణాల్లో అదొకటి.

షాపు కంప్యూటర్లోకి ఆ గేములు ఎలా వచ్చేవి? కొన్ని 2004లో లిథువేనియాలో మొదలైన గెట్‌జార్ లాంటి ఉచిత సైట్ల నుంచి. చాలావరకు లాక్ తీసేసిన దొంగ కాపీలు. షాపు నుంచి ఒక ఫోన్లోకి, అక్కడి నుంచి బ్లూటూత్‌లో క్లాసంతా పాకేవి. ఇది చట్టానికి విరుద్ధం. గేము రాసినవాళ్లకు ఒక్క రూపాయి చేరలేదు. ఆ మాట దాచాల్సిన పని లేదు. అయితే షాపుకొచ్చిన కుర్రాడు ఐదో పదో ఇవ్వడానికి సిద్ధంగా ఉన్నాడు, షాపువాడికి ఇచ్చాడు కూడా. ఆ ఐదు రూపాయలు గేము రాసినవాడిదాకా పోయే దారే ఎవరూ వేయలేదు. ఈ నష్టం కాపీలతో ఆగలేదు. తెలుగు కుర్రాళ్ల నుంచి డబ్బు రాదని తేలాక, వాళ్లకోసం గేము ఎవరు రాస్తారు? నా చేతికొచ్చిన జావా గేముల్లో ఒక్కదాంట్లోనూ తెలుగు అక్షరం కనపడలేదు. అక్షరాలు వేయలేక కాదు. గేములో అక్షరాలూ బొమ్మలే, తెలుగు ఫాంటు లేని ఫోన్లోనూ గీసి చూపొచ్చు. న్యూ గేమ్, రెజ్యూమ్, ఎగ్జిట్ అనే మాటలు చదువురాని పిల్లలు కూడా వాటి చోటును బట్టి గుర్తుపెట్టుకున్నారు.

ఇక చైనా ఫోన్లు. వీటిని నకిలీ సరుకని కొట్టిపారేస్తే మన చరిత్రలో పెద్ద ముక్క పోతుంది. తైవాన్ కంపెనీ మీడియాటెక్ 2000 దశకం మధ్య నుంచి ఒక కొత్త పద్ధతి తెచ్చింది. చిప్, దాని మీద నడిచే సాఫ్ట్‌వేర్, బోర్డు నమూనా అన్నీ కలిపి ఇచ్చేది, రెడీమేడ్ ఇడ్లీ పిండి ప్యాకెట్ ఇచ్చినట్టు. ఫోన్ కంపెనీ పెట్టడానికి ఇక ఇంజనీర్ల దండు అక్కర్లేదు. డబ్బా మార్చుకుని, పేరు అతికించుకుంటే సరి. రెండు సిమ్‌లు, పెద్ద స్పీకర్లు, టీవీ ఏరియల్ ఉన్న ఫోన్లు వందల రకాలు వచ్చిపడ్డాయి. తర్వాత మన దేశపు బ్రాండ్లు అమ్మిన చాలా ఫోన్ల లోపల ఉన్నదీ ఈ చిప్‌లే.

గేముల విషయంలో ఈ ఫోన్లది వేరే లోకం. చాలావాటిలో జావా సరిగా నడిచేది కాదు. బదులుగా ఎంఆర్‌పీ అనే వేరే రకం ఫైళ్లు నడిచేవి. ఇంకొన్నింటిలో నింటెండో పాత వీడియో గేము యంత్రాన్ని అనుకరించే సాఫ్ట్‌వేర్ ముందే ఉండేది. ఆ యంత్రపు గేము ఉండే ఎన్‌ఈఎస్ ఫైల్ ఒకటి కార్డులో వేస్తే, టీవీకి తగిలించి క్యాసెట్‌తో ఆడిన మారియో, కాంట్రా ఫోన్లోనే వచ్చేసేవి. చైనా ఫోన్ కుర్రాడికి డైమండ్ రష్ తెలియకపోవడానికి, నోకియా కుర్రాడికి ఫోన్లో కాంట్రా ఉంటుందంటే నమ్మకం కుదరకపోవడానికి ఇదీ కారణం. ఒకే బెంచీలో కూర్చున్నా ఒకరి గేము ఇంకొకరి ఫోన్లోకి పోదు.

2009 చివర్లో ప్రభుత్వం ఐఎంఈఐ నంబరు, అంటే ఒక్కో ఫోన్‌కు ఉండే గుర్తింపు నంబరు, లేని ఫోన్లకు సర్వీసు ఆపేయమంది. ఒకేరోజు ఎన్నో ఫోన్లు మూగబోయే పరిస్థితి. 199 రూపాయలు కడితే నిజమైన నంబరు వేసిచ్చే ఏర్పాటు కూడా చేశారు. నెట్‌వర్క్ పోయిన ఫోన్‌ను పారేయడమెందుకని కొందరు ఇళ్లలో పిల్లలకిచ్చేశారు. సిమ్ లేని ఆ ఫోన్ ఇక పాటలకూ, గేములకూ.

ఆ తర్వాతి పదేళ్లు త్వరగా చెప్పుకోవచ్చు. 2009 డిసెంబరులో ఐఫోన్లో యాంగ్రీ బర్డ్స్ వచ్చింది. దాన్ని చేసిన రోవియో అంతకుముందు కీప్యాడ్ ఫోన్లకే గేములు రాసిన కంపెనీ. నోకియా వాళ్ల బౌన్స్ టేల్స్ కూడా వాళ్ల చేతిపనే. నోకియా ఆశా ఫోన్లలో జావా ఇంకొన్నాళ్లు బతికింది. చెన్నై దారిలో శ్రీపెరుంబుదూరులో 2006 నుంచి నడిచిన నోకియా ఫ్యాక్టరీ 2014 నవంబరులో మూతపడింది. మరుసటి ఏడాదే మన సత్యవేడు పక్కన శ్రీసిటీలో ఫాక్స్‌కాన్ ఫోన్ల తయారీ మొదలుపెట్టింది, అప్పటికి తయారయ్యేవి స్మార్ట్‌ఫోన్లు. తర్వాత వచ్చిన చౌక నోకియాల్లో చాలావాటికి జావానే లేదు. లోపల ఉన్న గేముల్లో కొన్ని కాసేపు ఆడాక మెసేజ్ పంపి కొనుక్కోమంటాయి. పాత ఆపరేటర్ దారి మళ్లీ ఫ్యాక్టరీలోకే వచ్చి కూర్చుందన్నమాట. 2017లో 1,500 రూపాయల డిపాజిట్‌తో వచ్చిన జియో ఫోన్ కైఓఎస్ అనే ఆపరేటింగ్ సిస్టమ్ మీద నడుస్తుంది. అది మొజిల్లా వదిలేసిన ఫైర్‌ఫాక్స్ ఓఎస్ నుంచి పుట్టింది. అందులో గేమంటే వెబ్ పేజీ లాంటిది. జార్ ఫైల్ తెరుచుకోదు, షాపువాడి ఫోల్డర్లు దానికి పనికిరావు. అంతకుముందు పదేళ్లలో మన ఊళ్లలో పోగైన గేములన్నీ ఆ పిల్లలకు అందకుండా పోయింది అలా.

ఇప్పుడు వీటిలో ఏవి మిగిలాయి? ఇదీ దారిని బట్టే. ఆపరేటర్ పేజీల్లో ఉన్నవి ఆ సర్వర్లతోనే పోయాయి. ఫ్యాక్టరీలో ఎక్కించినవి ఫోన్ సాఫ్ట్‌వేర్‌లో కలిసిపోయి ఉంటాయి, మామూలుగా బయటికి తీయలేం. క్షేమంగా మిగిలినవి మెమరీ కార్డుల్లో తిరిగిన జార్ ఫైళ్లే. దొంగ కాపీల వల్లే ఇవాళ ఆ గేములు మనకున్నాయి. ఒప్పుకోవడానికి ఇబ్బందిగా ఉన్నా నిజం అదే.

మీ ఇంట్లో పాత ఫోన్ ఉంటే ముందు వెనక మూత తీసి చూడండి. బ్యాటరీ ఉబ్బి ఉంటే చార్జింగ్ పెట్టొద్దు, తీసి పక్కన పెట్టండి. మెమరీ కార్డును రీడర్‌లో పెట్టి గేమ్స్, అదర్స్, రిసీవ్డ్ అనే ఫోల్డర్లు వెతకండి. జార్, ఎన్‌ఈఎస్, ఎంఆర్‌పీ అని ముగిసే ఫైళ్లు కనపడితే పేర్లు మార్చకుండా కంప్యూటర్లోకి కాపీ చేసుకోండి. గేము ఫోన్ మెమరీలో ఉంటే బ్లూటూత్‌తో పంపబోయినా చాలా నోకియాలు జార్ ఫైల్‌ను బయటికి వదలవు, డేటా కేబుల్ పెట్టి చూడాలి. జార్ ఫైళ్లు ఆడటానికి ఆండ్రాయిడ్‌లో జే2ఎంఈ లోడర్ అనే ఉచిత యాప్ ఉంది. తెరవగానే అది తెర కొలత అడుగుతుంది. మీ పాత ఫోన్ తెర కొలతే ఇవ్వండి. తెలియకపోతే ముందు 240×320, తర్వాత 176×220, ఆ తర్వాత 128×160 వేసి చూడండి.